పాత నోవెల్ సర్వర్ తెరిచే ముందు

చిరంజీవి మేనల్లుడికి మామయ్య ఆశీస్సులు.

పలాస జీడిపప్పు వ్యాపారి గోడౌన్‌లో నోవెల్ నెట్‌వేర్ 3.12 (ఆఫీసు పీసీలన్నిటినీ కలిపే నోవెల్ కంపెనీ పాత నెట్‌వర్క్ సాఫ్ట్‌వేర్) ఉన్న సర్వర్ దొరికిందని, అందులోని లెక్కలు తీసివ్వమన్నారని రాశావు. నాన్నా, దాన్ని అప్పుడే ఆన్ చెయ్యకు. ముందు హార్డ్ డిస్క్ ఊడదీసి, మొదటి సెక్టార్ (డిస్క్‌లోని చిన్న గడి) నుంచి చివరి దాకా ఇంకో డిస్క్‌కి నకలు తియ్యి. ఫైళ్ళుగా కాపీ చేద్దామంటే కుదరదు, విండోస్‌కి ఆ డిస్క్ చదవడం రాదు. అసలు డిస్క్ బీరువాలో పెట్టి, ఏ ప్రయోగమైనా నకలు మీదే చెయ్యి.

తొంభైల మొదట్లో నేను తిరిగిన విజయనగరం ఆఫీసుల్లో నెట్‌వర్క్ అంటే నోవెలే. 4 ఎంబీ మెమరీ ఉన్న ఒక్క 386 మిషన్ ఆఫీసు మొత్తానికి లెక్కలు అందించేది. చుట్టూ ఉన్న పీసీల్లో కొన్నింటికి హార్డ్ డిస్కే ఉండేది కాదు, సర్వర్ నుంచే బూట్ అయ్యేవి. అంత వేగం ఎలాగంటే, ఏ ఫైలు ఎక్కడుందో చెప్పే పట్టికను మెమరీలోనే ఉంచుకునేది. మనం రాసింది కూడా ముందు మెమరీలోకి, ఆ తర్వాతే డిస్క్‌లోకి వెళ్ళేది. అలాంటిదాన్ని మన కరెంటు కోతల్లో యూపీఎస్ లేకుండా నడపడమంటే లెక్కలతో చెలగాటమే. నువ్వు కూడా యూపీఎస్ లేకుండా మొదలుపెట్టకు.

ఎస్‌వైఎస్ (SYS) వాల్యూమ్, అంటే నెట్‌వేర్ సొంత ఫైళ్ళుండే డిస్క్ భాగం, మౌంట్ కాకపోతే (తెరుచుకోకపోతే) కంగారుపడకు. డిస్క్‌లో డాస్ (విండోస్‌కి ముందటి పాత ఆపరేటింగ్ సిస్టమ్) ఉన్న భాగంలో వీరిపేర్ (VREPAIR) అనే రిపేరు ప్రోగ్రామ్ ఉందేమో చూసి, లోడ్ చేసి నడుపు.

లెక్కలు దించడానికి డాస్ ఉన్న పాత పీసీ ఒకటి చూసుకో. సర్వర్ దొరకలేదని మెసేజ్ వస్తే కేబుల్‌ని తిట్టుకునే ముందు ఫ్రేమ్ టైప్, అంటే నెట్‌వర్క్‌లో డేటాను పొట్లం కట్టే పద్ధతి, చూడు. నెట్‌వేర్ 3.11 దాకా మామూలుగా 802.3, 3.12 నుంచి 802.2. రెండు వైపులా ఒకటే లేకపోతే ఒకదానికొకటి కనపడవు. నల్ల కోయాక్సియల్ కేబుల్ అయితే రెండు చివర్లా 50 ఓమ్‌ల టెర్మినేటర్లు (కేబుల్ కొసలను మూసే బిరడాలు) ఉండాలి. సూపర్‌వైజర్ (సర్వర్ మీద పూర్తి అధికారం ఉన్న ఖాతా) పాస్‌వర్డ్ కోసం వాళ్ళ పాత గుమస్తా గారిని మర్యాదగా అడుగు, చాలామంది ఇంకా మర్చిపోలేదు.

ఏదైనా సంవత్సరం ఫైలు కనపడకపోతే సాల్వేజ్ (చెరిపేసిన ఫైళ్ళను వెనక్కి తెచ్చే ప్రోగ్రామ్) నడిపి చూడు. నెట్‌వేర్‌లో చెరిపేసిన ఫైలు, పర్జ్ చేస్తేనో (శాశ్వతంగా తుడిచేస్తేనో) ఆ చోటు వేరే ఫైలుకి అవసరమైతేనో తప్ప పోదు. ఇది చూడకుండా వాళ్ళకి లేదని మాత్రం చెప్పకు.

పని అయ్యాక స్విచ్ మీద చెయ్యి వెయ్యకు. సర్వర్ కన్సోల్‌లో డౌన్ (DOWN) అని కొట్టు, తర్వాత ఎగ్జిట్ (EXIT). డాస్ ప్రాంప్ట్ వచ్చాకే ఆపు.