సాసేజీలు, కూరగాయలు కలిపి కాల్చే ఇటలీ వంటకంలో నీరు ఎందుకు ఊరుతుంది?

మీ ప్రశ్న నాకు అర్థమైనంతలో ఇది: సాసేజీలు, బంగాళాదుంపలు, క్యాప్సికం, ఉల్లిపాయలు, టమాటాలు అన్నీ ఒకేసారి లోతైన గాజు పాత్రలో వేసి, ఓటీజీలో, అంటే బల్ల మీద పెట్టుకునే చిన్న కరెంటు ఓవెన్లో, 180 డిగ్రీల దగ్గర గంటసేపు ఉంచారు. తీసి చూస్తే అడుగున గ్లాసెడు నీరు నిలిచింది, దుంపలు మెత్తబడ్డాయి గాని రంగు రాలేదు, సాసేజీలు పగిలి ఎండిపోయాయి. హైదరాబాదులో దొరికే సాసేజీలతో ఈ వంటకం అసలు కుదురుతుందా, వైను లేకుండా చేయవచ్చా అన్నవి మీ మిగతా రెండు సందేహాలు. మీరు చేసిన పొరపాటే నేనూ చేశాను, అదీ ఇటలీలో ఉండి చేశాను, కనుక కొంచెం వివరంగా రాస్తున్నాను.

చదువు కోసం ఉంబ్రియా ప్రాంతంలోని పెరూజాలో రెండేళ్ళు ఉన్నాను. గది అద్దెకు ఇచ్చిన పెద్దావిడ వంటగదిలోనే నేనూ వండుకునేవాణ్ణి. ఆవిడ వారానికొకసారైనా సాసేజీలూ దుంపలూ ఓవెన్లో పెట్టేవారు. చూడటానికి ఇంత తేలికైన వంటకం మరొకటి ఉండదనిపించి, ఒక ఆదివారం ఆవిడ ఊళ్ళో లేనప్పుడు ఉన్న కూరగాయలన్నీ తరిగి, లోతైన గిన్నెలో కుక్కి, మాడిపోతుందేమోనన్న భయంతో పైన అల్యూమినియం రేకు కప్పి, మన అలవాటు కొద్దీ కాస్త గరం మసాలా కూడా చల్లి పెట్టాను. సాయంత్రం తిరిగి వచ్చిన ఆవిడ రేకు ఎత్తి, ఒక దుంప ముక్కను చెంచాతో నొక్కి, “లెస్సో” అన్నారు. తెలుగువాణ్ణి కదా, లెస్సగా ఉందని మెచ్చుకుంటున్నారనుకుని పొంగిపోయాను. ఇటాలియన్‌లో ఆ మాటకు ‘ఉడకబెట్టినది’ అని అర్థమని, అది ఈ వంటకానికి తిట్టు వంటిదని మర్నాడు నిఘంటువు తిరగేస్తే గాని తెలియలేదు.

లోపమంతా ఆ ఒక్క మాటలో ఉంది. ఇది కూర కాదు, వేపుడు. మన ఇళ్ళలో బెండకాయ వేపుడు చేసేవారు మూత పెట్టరు, ఇరుకు మూకుట్లో కిలో ముక్కలు కుక్కరు, ఉప్పు ముందే వేయరు. ఎందుకని అడిగితే ముక్క ఉడికిపోతుందని చెబుతారు. ఓవెన్లోనూ జరిగేది అదే. టమాటాలో సుమారు 95 శాతం, క్యాప్సికంలో 92 శాతం, బంగాళాదుంపలో దాదాపు 80 శాతం నీరే. పాత్రలో నీరు నిలిచి ఉన్నంతసేపూ, ఓవెన్ను ఎంత వేడి మీద పెట్టినా, ఆ నీటిలో మునిగిన ముక్క 100 డిగ్రీలు దాటి వేడెక్కదు. ముక్కకు ఎర్రటి రంగు, కమ్మటి వాసన రావాలంటే దాని పైభాగం 140 డిగ్రీలైనా దాటాలి. మీరు గంటసేపు కాల్చామనుకున్నది నిజానికి గంటసేపు ఉడకబెట్టడమే. సాసేజీలోని కొవ్వు ఆ నీటిలో కలిసి తేలిపోయింది, దుంపకు అంటలేదు.

అందువల్ల మొదట మార్చవలసింది పాత్ర. ఇటలీ ఇళ్ళలో ఈ వంటకానికి వాడేదాన్ని తేల్యా అంటారు. నాలుగైదు సెంటీమీటర్ల అంచు ఉన్న వెడల్పాటి రేకు పళ్ళెం. నాకు గది ఇచ్చిన ఆ పెద్దావిడ దగ్గర ఉన్నది వాడి వాడి నల్లబడిన పాత పళ్ళెం. దాన్ని ఆవిడ ఎన్నడూ తెల్లగా తోమనిచ్చేవారు కారు. కడగబోతే చేతిలోంచి లాక్కునేవారు. నల్లటి పలుచని రేకు వేడిని త్వరగా పట్టి ముక్కకు ఇస్తుంది, దళసరి గాజు పాత్ర వేడెక్కడానికే చాలా సమయం తీసుకుంటుంది. నలుగురికి సరిపోయే వంటకానికి 30 నుంచి 40 సెంటీమీటర్ల పళ్ళెం కావాలి. మామూలు ఓటీజీలో అంత పళ్ళెం పట్టదు కాబట్టి ఇద్దరికి సరిపడా మాత్రమే చేయండి, లేదా రెండు విడతలుగా చేయండి. ముక్కలు ఒకే వరుసలో, మధ్య మధ్య పళ్ళెం అడుగు కనిపించేలా ఉండాలన్నదే కొలత. మిగిలిన ముక్కలను పారేయలేక పైన మరో వరుస పేర్చారా, మళ్ళీ లెస్సోయే.

రెండవది, ఏది ఎప్పుడు వేయాలన్న వరుస. ఇద్దరికి 400 గ్రాముల దుంపలు, 300 గ్రాముల సాసేజీలు, ఒక ఎర్ర క్యాప్సికం, ఒక పెద్ద ఉల్లిపాయ, గుప్పెడు చిన్న టమాటాలు, రెండు పెద్ద చెంచాల ఆలివ్ నూనె సరిపోతాయి. దుంపలను అంగుళం ముక్కలుగా కోసి, చల్లటి నీటిలో పది నిమిషాలు ఉంచి పిండి కడిగి, పొడిబట్టతో బాగా తుడవండి. ఈ తుడవడం దగ్గర బద్ధకిస్తే తరువాత చేసేదంతా వృథా. శీతల గిడ్డంగిలో నిలవ ఉన్న దుంపలో చక్కెర పెరుగుతుంది, అది లోపల ఉడికేలోపే పైన నల్లబడి చేదెక్కుతుంది. కొనేటప్పుడు తియ్యగా ఉన్న దుంప కాకుండా కాస్త పిండిగా ఉండే రకం అడిగి తీసుకోండి. ఓవెన్ను పైన, కింద రెండు కడ్డీలూ వేడెక్కే అమరికలో 200 డిగ్రీలకు పెట్టి, పావుగంట ఖాళీగా వేడెక్కనిచ్చి, నూనె పట్టించిన దుంపలను మాత్రమే ముందు పెట్టండి. ఇరవై నిమిషాల తరువాత వాటిని తిరగేసి, ఉల్లిపాయ చీలికలు, వెడల్పాటి క్యాప్సికం ముక్కలు, పచ్చి సాసేజీలు చేర్చండి. మరో పాతిక నిమిషాల్లో సాసేజీలను ఒకసారి తిప్పండి. టమాటాలు చివరి పది నిమిషాల్లోనే పడాలి, అవీ కోయకుండా పడాలి. వంకాయ, జుకినీ వంటివి కావాలంటే వేరుగా పెనం మీద వేపుకుని చివర కలపడం మేలు.

ఈ నిమిషాల లెక్క మీ ఓవెన్ను బట్టి అటూ ఇటూ అవుతుంది. పెరూజాలోని ఆ పెద్దావిడ గడియారం చూడగా నేను ఎన్నడూ చూడలేదు. ఓవెన్ తలుపు దగ్గరకు వచ్చి ఒక్క క్షణం చెవి ఒగ్గేవారు. నీరు ఇంకా ఉన్నంతసేపూ లోపల గుసగుసగా కుతకుతమనే చప్పుడు ఉంటుంది. నీరు ఇగిరి, కొవ్వులో ముక్క వేగడం మొదలైతే అది చిటపటగా మారుతుంది. మా అమ్మ వంటగది బయటే కూర్చుని “వేగింది, దించెయ్” అని అరవడం నాకు అప్పుడు గుర్తుకు వచ్చేది. రెండు మూడు సార్లు చేస్తే మీకూ ఆ తేడా పట్టుబడుతుంది.

ఇక సాసేజీల సంగతి. మీరు చూసిన వీడియో అమెరికావారిదై ఉండవచ్చు. అక్కడ ఇటాలియన్ సాసేజీ అంటే సోంపు వేసిన పంది మాంసపు సాసేజీ అనే అర్థం స్థిరపడింది. ఇటలీలో అలా ఒకే రకం లేదు. దక్షిణాన సోంపు ఎక్కువ, దక్షిణపు కొసన ఉన్న కలాబ్రియాలో మిరప ఎక్కువ, నేనున్న ఉంబ్రియాలో ఉప్పు, మిరియాలు, వెల్లుల్లి తప్ప మరేమీ ఉండవు. ఆ ప్రాంతంలోని నోర్చా అనే చిన్న ఊరు పంది మాంసం పనివాళ్ళకు ఎంత పేరుమోసిందంటే, ఇటలీ అంతటా ఆ వృత్తివాళ్ళను నోర్చీనో అనీ, ఆ దుకాణాన్ని నోర్చినెరియా అనీ పిలుస్తారు. పురాతన రోమన్ల కాలంలో సాసేజీకి దక్షిణాది లూకానియా పేరు మీద లూకానికా అని పేరుండేది, ఉత్తరాది లుగానెగా ఆ మాట నుంచి వచ్చిందే. వీటన్నిటికీ ఉన్న సామ్యం ఒక్కటే: అవి పచ్చి మాంసంతో, ముతకగా కొట్టిన కైమాతో, నాలుగో వంతుకు తగ్గని కొవ్వుతో చేసినవి. ఆ కొవ్వు కరిగి దుంపలకు పట్టడమే ఈ వంటకం రుచి.

మన దగ్గర శీతలపెట్టెల్లో దొరికే చికెన్ సాసేజీలు ఎక్కువగా ముందే ఉడికించినవి, మెత్తగా రుబ్బినవి. వాటిని గంటసేపు కాల్చారు గనుకనే పగిలి ఎండిపోయాయి. అవి ఓవెన్ను తట్టుకోలేకపోవడం మీ తప్పు కాదు. వాటితోనే చేయాలనుకుంటే చివరి పన్నెండు పదిహేను నిమిషాల్లో మాత్రమే చేర్చండి, కొవ్వు లోటును మరో చెంచా నూనెతో పూడ్చండి. తినడానికి బాగానే ఉంటుంది, అసలు దానిలా ఉంటుందని మాత్రం చెప్పలేను.

అంతకంటె మేలైన దారి ఇంట్లో చేసుకోవడం. నేను తిరిగి వచ్చాక అదే చేస్తున్నాను. కాస్త కొవ్వున్న పంది మాంసాన్ని దుకాణంలో ముతకగా కైమా కొట్టించి, అర కిలోకు 8 గ్రాముల ఉప్పు, అర చెంచా దంచిన మిరియాలు, నాలుగు వెల్లుల్లి రెబ్బలు, ఒక చెంచా కచ్చాపచ్చాగా నలిపిన సోంపు కలిపి, చేతికి జిగురుగా అంటుకునేదాకా మూడు నాలుగు నిమిషాలు బాగా పిసకాలి. ఈ పిసకడం వల్లనే పేగు తొడుగు లేకపోయినా ముద్ద విడిపోదు. రాత్రంతా ఫ్రిజ్‌లో ఉంచి, మరునాడు బొటనవేలంత మందం కోలలుగా చేసి పెట్టండి. పంది మాంసం తిననివారు తొడభాగపు చికెన్ కైమాను చర్మంతో సహా కొట్టించుకోవచ్చు. ఏది చేసినా లోపల గులాబి రంగు పోయిందా అని చూసి ఊరుకోకండి. వంట ఉష్ణమాపకం మధ్యలో గుచ్చితే పంది కైమాకు 71 డిగ్రీలు, చికెన్‌కు 74 డిగ్రీలు చూపాలి. తొడుగు ఉన్న పచ్చి సాసేజీలు దొరికితే ఫోర్కుతో రెండు మూడు చోట్ల గుచ్చండి. గుచ్చితే రసం పోతుందని కొందరు వద్దంటారు గాని, ఆ రసం పోయి చేరేది మన దుంపల్లోకే కదా.

వైను ఎందుకంటే, అడుగున అంటుకున్న ఎర్రటి మడ్డిని కరిగించి ముక్కలకు పట్టించడానికి. దుంపలు, సాసేజీలు రంగు తేలిన తరువాత, టమాటాలు వేసే ముందు, పావు గ్లాసు తెల్ల వైను పోసి చెక్క గరిటెతో అడుగు గీకుతారు. ముందే పోస్తే మళ్ళీ ఉడకబెట్టడమే అవుతుంది. వైను వద్దనుకుంటే మూడు పెద్ద చెంచాల వేడినీటిలో ఒక చిన్న చెంచా వెనిగరు కలిపి పోయండి, పని జరుగుతుంది. ఉప్పు సాసేజీలోనే ఉంటుంది కాబట్టి దుంపలకు చిటికెడు చాలు, అదీ సగం వేగాక.

వెల్లుల్లిని పొట్టు తీయకుండా, రెబ్బను అరచేత్తో ఒక దెబ్బ కొట్టి వేస్తారు. దీన్ని ఆల్యో ఇన్ కమీచా, అంటే చొక్కా తొడుక్కున్న వెల్లుల్లి అంటారు. మన కమీజుకూ ఆ కమీచాకూ చుట్టరికం ఉంది. ఆ చొక్కా వల్ల రెబ్బ మాడకుండా లోపల వెన్నలా మెత్తబడుతుంది, తినేటప్పుడు నొక్కితే బయటికి వస్తుంది. రోజ్‌మరీ రెమ్మలను నూనెలో ముంచి వేయండి, పొడిగా వేస్తే మాడి చేదవుతాయి. రోజ్‌మరీ దొరకకపోతే కరివేపాకు వేయవచ్చా అని తరువాత అడుగుతారేమో, వేయవద్దనే నా అభిప్రాయం. అది రుచిగానే ఉంటుంది, కాకపోతే వేరే వంటకం అవుతుంది. కారం తినాలనిపిస్తే కచ్చాపచ్చాగా దంచిన ఎండుమిర్చి నిస్సంకోచంగా వేసుకోండి. కలాబ్రియావారూ అభ్యంతరం చెప్పరు.

పక్కన రొట్టె ఉండి తీరాలి. ఉంబ్రియాలో రొట్టెలో ఉప్పే వేయరు. 1540లో మూడవ పాల్ పోపు ఉప్పు మీద పన్ను పెంచినందుకు పెరూజా తిరగబడి ఓడిపోయిందనీ, ఆ పంతం కొద్దీ రొట్టెలో ఉప్పు మానేశారనీ అక్కడివారు చెప్పుకుంటారు. తిరుగుబాటు మాత్రం చరిత్రే, రొట్టె కథను చరిత్రకారులు ఒప్పుకోరు. ఏమైనా ఉప్పగా ఉండే సాసేజీ కొవ్వును పళ్ళెంలోంచి తుడుచుకు తినడానికి ఆ చప్పిడి రొట్టెకు మించినది లేదు. ఇక్కడ నేను పుల్కాతో సర్దుకుంటున్నాను.

మిగిలితే మరునాడు మైక్రోవేవ్‌లో వేడి చేయకండి, దుంపలు తోలులా సాగుతాయి. ఇనుప పెనం మీద పరిచి, కదపకుండా వేగనిచ్చి, రెండు గుడ్లు కొట్టి పోసి మూత పెట్టండి. ఈ ఒక్కసారికి మూత పెట్టవచ్చు.