బాకీ పడిన షూటింగ్ డబ్బులు: నిర్మాతదా, మేనేజర్‌దా బాధ్యత?

ప్రశ్న: మాది గుంటూరు. ఈ జనవరి, ఫిబ్రవరిల్లో విజయవాడలో తీసిన ఒక వెబ్ సిరీస్‌కి కెమెరా అసిస్టెంట్‌గా 26 రోజులు చేశాను. రోజుకు 1,800 రూపాయలని ప్రొడక్షన్ మేనేజర్ ఫోన్లో మాట్లాడాడు. బేటా (రోజువారీ భత్యం) కాక 10,000 అడ్వాన్సు ముట్టింది. మిగతా 36,800 అడిగితే నిర్మాత మేనేజర్ మీదికి నెడుతున్నారు, మేనేజర్ ఫోన్ ఎత్తడు. అగ్రిమెంటు లేదు. కేసు నిలుస్తుందా?

జవాబు: నిలుస్తుంది. అగ్రిమెంటు లేకపోవడం మీ తప్పు కాదు. ప్రభుత్వం నోటిఫై చేసిన పారితోషికం పరిమితిలోని సిబ్బందితో రాతపూర్వక ఒప్పందం చేసుకుని రిజిస్టర్ చేయించాల్సింది నిర్మాతే (వృత్తి భద్రత కోడ్, 2020, సెక్షన్ 66).

మీకు అసలు ఆధారం 2025 నవంబరు 21 నుంచి అమల్లో ఉన్న వేతనాల కోడ్. పనిలో పెట్టుకున్నవాడు ఇవ్వకపోతే సంస్థ యజమాని చెల్లించాలని సెక్షన్ 43 చెబుతోంది. కాబట్టి మేనేజర్ పేరు చెప్పి నిర్మాత తప్పించుకోలేరు. డబ్బు ఇచ్చామని రుజువు చేసుకోవాల్సిన భారం కూడా వారిదే (సెక్షన్ 59). అయితే 26 రోజులు పనిచేశారని, రేటు 1,800 అని ముందు మీరు చూపించాలి. ఇలాంటి కేసులు దెబ్బతినేది ఇక్కడే.

అందుకే మిమ్మల్ని వాట్సాప్ గ్రూపులోంచి తీసేయకముందే చాట్ ఎక్స్‌పోర్ట్ చేసుకోండి. మీ పేరున్న కాల్ షీట్లు (ఏ రోజు ఎవరు షూటింగ్‌కి రావాలో చెప్పే పత్రాలు), కెమెరా అద్దె చలానా మీద మీ సంతకం ఉంటే దాని నకలు, అడ్వాన్సు ఎవరి ఖాతా నుంచి వచ్చిందో చూపే బ్యాంకు స్టేట్‌మెంటు తీసిపెట్టండి. ఉత్త స్క్రీన్‌షాట్లు చాలవు. కోర్టుదాకా వెళ్తే భారతీయ సాక్ష్య అధినియమం (సాక్ష్యాల చట్టం) సెక్షన్ 63 కింద ఎలక్ట్రానిక్ ఆధారానికి సర్టిఫికెట్ కావాలి, ఆ ఫోన్ మార్చకండి. రేటు సంగతి రాతలో లేకపోతే మేనేజర్‌కి ఇప్పుడే మెసేజ్ పెట్టండి: "26 రోజులు, రోజుకు 1,800, అడ్వాన్సు పోను 36,800 రావాలి." జవాబు రాకపోయినా ఆ మెసేజ్ పనికొస్తుంది.

తర్వాత నిర్మాణ సంస్థకు, మేనేజర్‌కు ఇద్దరికీ 15 రోజుల గడువుతో స్పీడ్ పోస్టులో నోటీసు పంపండి. స్పందన లేకపోతే పని జరిగింది విజయవాడలో కనుక ఎన్టీఆర్ జిల్లా కార్మిక శాఖ కార్యాలయంలో వేతనాల కోడ్ సెక్షన్ 45 కింద క్లెయిము వేయండి. గడువు 3 ఏళ్లు. బాకీతోపాటు దానికి 10 రెట్ల వరకు పరిహారం ఇప్పించే అధికారం ఉంది. పోలీసు స్టేషన్‌కి ముందే పరుగెత్తకండి, కూలి ఎగ్గొట్టినంత మాత్రాన అది మోసం నేరం కాదు.

మధ్యలో సగం డబ్బు చూపించి "పూర్తిగా ముట్టింది" అన్న ఓచరు మీద సంతకం అడుగుతారు. చేయకండి, "పాక్షిక చెల్లింపు" అని మీ చేత్తో రాసి సంతకం పెట్టండి. చెక్కు ఇస్తే 3 నెలల్లోపు బ్యాంకులో వేయండి. బౌన్సయితే ఆ సమాచారం అందిన 30 రోజుల్లో నోటీసు, అది వారికి అందాక 15 రోజులు ఆగి, ఆపై నెలలోపు కోర్టులో ఫిర్యాదు.