వీఆర్ (స్వచ్ఛంద పదవీ విరమణ) నోటీసు గడువు దాటాక పనిచేయించుకుని, ఆ జీతం గ్రాట్యుటీలో కోయొచ్చా?

మీ ప్రశ్న చదవగానే నా జూన్ నెల కళ్ల ముందుకొచ్చింది. మీది ఇరవై మూడేళ్ల సర్వీసు, వీఆర్‌కు మూడు నెలల నోటీసు ఇచ్చారు, గడువు దాటినా ఆర్డరు రాలేదు, ఆఫీసరు వెళ్లనివ్వలేదు, ఇంకో రెండు నెలలు పనిచేశారు. ఇప్పుడేమో పాత తేదీతో ఆర్డరిచ్చి ఆ రెండు నెలల జీతం గ్రాట్యుటీలో కోస్తామంటున్నారు. అచ్చం ఇదే నాకూ జరిగింది. ఆ డబ్బు వదులుకోకండి.

నేను ఆంధ్రప్రదేశ్‌లో ఒక జిల్లా ఆఫీసులో సీనియర్ అసిస్టెంటుగా చేశాను. అమ్మకు పక్షవాతం వచ్చి మంచాన పడింది. చూసుకునే మనిషి లేక వీఆర్ పెట్టుకున్నాను. జనవరి 6న ఉత్తరాలు తీసుకునే తపాల్ సెక్షన్‌లో నోటీసిచ్చి నా కాపీ మీద ముద్ర వేయించుకున్నాను. ఆ కాగితాన్ని ఐదు వారాలు ఫైల్లోనే ఉంచి, ఫిబ్రవరిలో నియామకాధికారికి పంపారు. ఏప్రిల్ 5తో మూడు నెలలు నిండాయి. నన్ను విధుల నుంచి రిలీవ్ చేయమంటే, "ఆర్డరు రాకుండా ఎట్లా పోతావయ్యా? నువ్వు పోతే బిల్లులు ఎవరు చేస్తారు?" అన్నారు మా ఆఫీసరు గారు. కాదనలేక రోజూ వెళ్లాను.

జూన్ 11 పొద్దున హాజరు పట్టీలో సంతకం పెట్టి సీట్లో కూర్చున్నాను. మధ్యాహ్నం ఆర్డరు చేతికిచ్చారు. ఏప్రిల్ 5 మధ్యాహ్నం నుంచే నేను రిటైరయ్యానట! అప్పటి నుంచి ఇచ్చిన జీతం "అధిక చెల్లింపు, రికవరీ చేయవలెను" అని కింద ఒక్క లైను. ఆ రాత్రి అమ్మకు అన్నం కలిపి పెడుతుంటే నా చెయ్యి వణికింది.

రూలు సంగతికొస్తే, మన ఆంధ్రప్రదేశ్ ఉద్యోగులకు వర్తించేది 1980 నాటి రివైజ్డ్ పెన్షన్ రూల్స్‌లో 43వ రూలు. ఇరవై ఏళ్ల అర్హత సర్వీసు ఉన్నవాళ్లు నియామకాధికారికి కనీసం మూడు నెలల ముందు రాతపూర్వకంగా నోటీసిచ్చి తప్పుకోవచ్చు. అనుమతి అవసరమే, కానీ గడువులోపు కుదరదని చెప్పకపోతే గడువు ముగిసిన రోజునుంచే రిటైర్మెంటు అమల్లోకొస్తుంది. ఇలాంటి రూలు మీదే సుప్రీంకోర్టు 1999లో హర్యానా ప్రభుత్వం, ఎస్.కె. సింఘాల్ కేసులో ఉద్యోగి పక్షాన తీర్పు చెప్పింది. అన్ని రాష్ట్రాల రూళ్లూ ఒకటి కావు. ఉత్తరప్రదేశ్ డాక్టర్ల కేసులో 2018లో అదే కోర్టు అనుమతి తప్పనిసరి అంది. కాబట్టి వేరే రాష్ట్రం తీర్పు చూపించి ఎవరైనా భయపెడితే, ముందు మన రూలు తెరిచి చూపించండి.

ఉద్యోగిని ఆఫీసు కట్టిపడేయకుండా పెట్టిన వెసులుబాటు అది. దాన్నే నామీద తిప్పారు. నాకు బాధ కలిగింది అక్కడే. ఏప్రిల్ 5తో నేను రిటైరయిపోతే ఆ సాయంత్రమే రిలీవ్ చేయాల్సింది వాళ్లు. చేయకుండా పని చేయించుకున్నాక జీతం ఎక్కువిచ్చామనడం ఏం న్యాయం?

పై అధికారులకిచ్చిన రిప్రజెంటేషన్‌లో (వినతిపత్రంలో) నేను రాసింది ఇదే. దానికి ముద్ర ఉన్న నోటీసు కాపీ, హాజరు పట్టీ జిరాక్సులు, ఆ రెండు నెలల్లో నేను నోట్ రాసిన ఫైళ్ల నంబర్లు జతచేశాను. హాజరు పట్టీ కాపీలు అడిగితే ఇవ్వలేదు. పది రూపాయలు కట్టి సమాచార హక్కు కింద తీసుకున్నాను. మీరు ఆ పని ఈ వారమే చేయండి, పాత పట్టీలు కట్టకట్టి రికార్డు రూములో పడేస్తే వెతకడం కష్టం.

2014లో పంజాబ్ ప్రభుత్వం, రఫీక్ మసీహ్ కేసు తీర్పు కూడా పెట్టండి. పొరపాటున ఎక్కువ చెల్లించినా, రిటైరయినవాళ్ల నుంచీ, మూడు, నాలుగు తరగతుల ఉద్యోగుల నుంచీ రికవరీ చేయకూడదంది. అయితే ఒక మెలిక ఉంది. ఎక్కువొస్తే తిరిగి కడతానని హామీపత్రం ఇచ్చిన వాళ్ల నుంచి తీసుకోవచ్చని 2016లో జగ్‌దేవ్ సింగ్ కేసులో అదే కోర్టు చెప్పింది. పెన్షన్ కాగితాల మధ్య అలాంటి హామీపత్రం పెట్టి సంతకం చేయమంటారు. చదవకుండా పెట్టకండి.

మా పక్క సెక్షన్ ఆయన నేను చేసినదానికి పూర్తిగా వ్యతిరేకంగా చేశాడు. గడువు కాగానే ఎవరికీ కాగితం ఇవ్వకుండా మానేశాడు. గైర్హాజరు కింద మెమో ఇచ్చారు. విచారణ తేలేదాకా తాత్కాలిక పెన్షనే, గ్రాట్యుటీ ఆగిపోయింది. గడువు ముగిసిన రోజున "నేను రిలీవ్ అవుతున్నాను" అని చిన్న లేఖ ఇచ్చి అక్నాలెడ్జ్‌మెంట్ తీసుకునుంటే ఆయనకు, నాకు ఇద్దరికీ ఈ గొడవ ఉండేది కాదు.

నాకు పదకొండు నెలలు పట్టింది. చివరికి రిటైర్మెంటు తేదీని జూన్ 11కి మారుస్తూ సవరణ ఆర్డరు ఇచ్చారు, రికవరీ రద్దయింది. ఆలస్యానికి వడ్డీ నేను అడగలేదు, మీరు అడగండి. 2020లో కరోనా వేళ మన ప్రభుత్వం జీతాలు, పెన్షన్లు కొంత ఆపితే, 2021 ఫిబ్రవరిలో సుప్రీంకోర్టు వాటిమీద ఏడాదికి 6 శాతం వడ్డీ ఇవ్వమంది. రిప్రజెంటేషన్‌కు జవాబు రాకపోతే హైకోర్టులో రిట్ వేయాలి. ఉద్యోగుల కేసులు చూసే మన ట్రైబ్యునల్ రద్దయ్యాక దారి అదే.

మీ నోటీసు కాపీ మీద ఇన్‌వార్డ్ ముద్ర ఉందా? ఉంటే ఏ తేదీ? నియామకాధికారికి చేరిన తేదీ వేరేనా? ఈ మూడూ చెప్పండి, రిప్రజెంటేషన్ ముసాయిదా నేను రాసిస్తాను.