ఆల్ఫాకాల్సిడాల్ అన్నా విటమిన్ డి అన్నా ఒకటేనా?

మందుల మాట: పాఠకుల ప్రశ్నలకు ఫార్మసిస్టు జవాబులు

ప్రశ్న: మా నాన్నగారికి 62 ఏళ్లు. కిడ్నీలు పాడై పలాసలో డయాలసిస్ చేయించుకుంటున్నారు. రోజూ రాత్రి ఆల్ఫాకాల్సిడాల్ 0.25 క్యాప్సూల్ వేసుకోమని డాక్టరుగారు రాశారు. మందుల షాపులో అడిగితే "ఏం లేదమ్మా, విటమిన్ డి" అన్నారు. మా మేనత్త మోకాళ్ల నొప్పులకు వారానికొకటి 60,000 యూనిట్ల విటమిన్ డి వేసుకుంటోంది. "60,000 ఉండగా 0.25 ఏ మూలకి? నాదే వాడికీ వేసెయ్" అంటోంది. మొన్న ల్యాబులో విటమిన్ డి పరీక్ష చేయిస్తే 14 వచ్చింది. మూడు నెలల కిందటా అంతే. అంటే మందు పనిచేయనట్టేనా? ఇది సింథటిక్ మందని కూడా ఎవరో అన్నారు. అప్పటినుంచి ఇంట్లో అందరికీ టెన్షన్. అసలు ఆ పేరుకు అర్థమేమిటి?
– ఒక పాఠకురాలు, సోంపేట

జవాబు: అమ్మా, మీ మేనత్తగారి క్యాప్సూల్ నాన్నగారికి వేయకండి. నాన్నగారి క్యాప్సూల్ మానేయకండి. ఈ రెండు మాటలూ ముందు చెప్పేసి, మిగతాది నిదానంగా చెబుతాను.

డయాలసిస్ వార్డుకు ఆనుకుని ఉన్న మందుల కౌంటర్లో నేను చాలాకాలం పనిచేశాను. శ్రీకాకుళం జిల్లాలో కిడ్నీ జబ్బు ఎక్కువగా ఉన్న ఉద్దానం వైపు నుంచి వచ్చేవాళ్లు చీటీ అందిస్తూనే అడిగే ప్రశ్న ఇదే. సోంపేట, కవిటి, కంచిలి, మందస ప్రాంతాల్లో కిడ్నీ పనితనాన్ని చూపే రక్తపరీక్ష క్రియాటినిన్ అన్న మాట తెలియని ఇల్లు లేదు. జబ్బుకు కచ్చితమైన కారణం తేలకపోయినా, మందులు మాత్రం రోజూ మింగాల్సిందే. అలాంటివాళ్లకు "ఏం లేదు, విటమిన్ డి" అని చెప్పి పంపేయడం నాకు సరిగా అనిపించదు. ఆ మాట అబద్ధం కాదు, కానీ సగమే నిజం. మిగతా సగం చెప్పకపోతే మీ మేనత్తగారికి వచ్చిన ఆలోచనే ఎవరికైనా వస్తుంది.

ఆ పేరును విడదీసి చూద్దాం. మధ్యలో ఉన్న 'కాల్సి' లాటిన్‌లో సున్నానికి ఉన్న మాట నుంచి వచ్చింది, కాల్షియానికి ఆ పేరు అలాగే వచ్చింది. విటమిన్ డి కుటుంబానికి చెందిన మందుల జెనరిక్ పేర్లలో ఈ ముక్క ఉండాలన్నది ప్రపంచ ఆరోగ్య సంస్థ పెట్టుకున్న పద్ధతి. చివరి 'డాల్'లో రెండు ముక్కలున్నాయి. 'డై' అంటే రెండు. 'ఆల్' అంటే రసాయన శాస్త్రంలో ఆల్కహాల్ గుంపు, అంటే ఒక ఆక్సిజన్, ఒక హైడ్రోజన్ కలిసిన జంట. తాగే ఆల్కహాల్‌కీ దీనికీ సంబంధం లేదు, ఆ భయం పెట్టుకోవద్దు. అలాంటి జంటలు ఈ అణువు మీద రెండున్నాయని అర్థం. ఇక మొదటి 'ఆల్ఫా', ఆ రెంటిలో ఒకటి అణువులోని ఒకటో నంబరు కార్బన్ మీద, ఆల్ఫా అని పిలిచే వైపున ఉందని చెబుతుంది. స్ట్రిప్ వెనక జెనరిక్ పేరులో ఆల్ఫాను 'ఎఫ్' అక్షరంతో రాస్తారు, కొన్ని బ్రాండు పేర్లలో 'పి, హెచ్' ఉంటాయి. రెండూ ఒకటే.

ఈ లెక్కంతా మీకెందుకంటే, మీ నాన్నగారికి ఈ మందే ఎందుకు రాశారో ఆ ఒకటో నంబరు దగ్గరే ఉంది.

ఎండ తగిలి చర్మంలో తయారయ్యే డి3కి ఇలాంటి జంట ఒక్కటే ఉంటుంది. మీ మేనత్తగారు వేసుకునే 60,000 యూనిట్ల క్యాప్సూల్లో ఉన్నదీ అదే. దాని పేరు కోలికాల్సిఫెరాల్. అది నేరుగా పనిచేయదు. ముందు లివర్‌కు వెళ్తుంది. అక్కడ 25వ నంబరు కార్బన్ మీద రెండో జంట చేరుతుంది. ఆ తర్వాత కిడ్నీకి వెళ్తుంది. అక్కడ ఒకటో నంబరు మీద మూడోది చేరుతుంది. మూడూ చేరాక దాని పేరు కాల్సిట్రయాల్. 'ట్రయ్' అంటే మూడు. పేగుల నుంచి కాల్షియాన్ని రక్తంలోకి పట్టి తెచ్చేది, మెడలో ఉండి, రక్తంలో కాల్షియాన్ని పెంచే హార్మోన్‌ను విడుదల చేసే పారాథైరాయిడ్ గ్రంథులను అదుపులో ఉంచేది ఈ మూడు జంటల రూపమే.

కిడ్నీలు దెబ్బతిన్న మనిషిలో ఆ చివరి పని జరగదు, జరిగినా చాలదు. వడ్లు ఎన్ని బస్తాలున్నా మర ఆడకపోతే ఎసట్లో పోయడానికి బియ్యం రావు. 60,000 సంగతి అంతే. ఆల్ఫాకాల్సిడాల్‌లో కిడ్నీ చేయాల్సిన ఆ ఒకటో నంబరు పనిని ఫ్యాక్టరీలోనే చేసేసి ఇస్తారు. మిగిలింది లివర్ పని ఒక్కటే. నాన్నగారి లివర్ బాగుంటే అది కాల్సిట్రయాల్‌గా మారిపోతుంది, కిడ్నీ అవసరం పడదు.

ఈ సంగతి మనుషులకు తెలిసి ఎంతోకాలం కాలేదు. 1970లో ఇంగ్లండ్‌లోని కేంబ్రిడ్జిలో ఫ్రేజర్, కోడిసెక్ అనే ఇద్దరు శాస్త్రవేత్తలు, కిడ్నీలు తీసేసిన ఎలుకల్లో ఈ చివరి మార్పు జరగడం లేదని చూపించారు. అప్పటిదాకా కిడ్నీ జబ్బుతో ఎముకలు పాడైనవాళ్లకు మామూలు విటమిన్ డిని చాలా పెద్ద మోతాదుల్లో ఇచ్చి చూసేవారు. కిడ్నీల్లో తయారయ్యే ఆ పదార్థమేమిటో 1971లో తేలింది. 1973 నాటికే ఆల్ఫాకాల్సిడాల్‌ను ప్రయోగశాలలో తయారుచేశారు. మూడేళ్లలో అంత దూరం వచ్చారంటే నాకు ఇప్పటికీ ఆశ్చర్యమే. మీ నాన్నగారి అరచేతిలోని ఆ చిన్న క్యాప్సూల్ వెనక ఇంత పని ఉంది.

సింథటిక్ అన్న మాటకు జడుసుకోకండి. ఒకటో నంబరు జంట మాత్రమే ఉన్న రూపం మన శరీరంలో మామూలుగా తయారవదు, అందుకే అలా అంటారు. లివర్‌లో మారాక వచ్చే కాల్సిట్రయాల్ మాత్రం ఆరోగ్యంగా ఉన్న కిడ్నీ తయారుచేసేదే, అణువులో తేడా ఉండదు.

ఇప్పుడు 0.25 సంగతి. ఇది 0.25 మైక్రోగ్రాములు. మైక్రోగ్రామంటే మిల్లీగ్రాములో వెయ్యో వంతు. డి3 విషయంలో 40 యూనిట్లు ఒక మైక్రోగ్రాముతో సమానం. కాబట్టి 60,000 యూనిట్లంటే 1,500 మైక్రోగ్రాములు, అంటే ఒకటిన్నర మిల్లీగ్రాములు. బరువు చూస్తే మేనత్తగారిది నాన్నగారిదానికి 6,000 రెట్లు. ఆ లెక్క అక్కడితో సరి. పనితనాన్ని బరువుతో పోల్చకూడదు. యూనిట్ల లెక్క ఆల్ఫాకాల్సిడాల్‌కు వర్తించదు. ఇది దాదాపు సిద్ధమైన మందు కాబట్టి 0.25, 0.5, 1 మైక్రోగ్రాముల్లోనే వస్తుంది. చీటీ మీద 'ఎం.సి.జి.' అని ఉన్నదాన్ని 'ఎం.జి.' అని చదివితే వెయ్యి రెట్ల తేడా వస్తుంది. అక్షరం అర్థం కాకపోతే షాపువాళ్లని ఊహించనివ్వకండి, డాక్టరుగారికి ఫోన్ చేయించండి.

పరీక్షలో 14 ఎందుకు కదల్లేదో చెబుతాను. ల్యాబుల్లో విటమిన్ డి అని చేసే మామూలు పరీక్ష కొలిచేది లివర్‌లో తయారై నిల్వ ఉండే 25వ నంబరు రూపాన్ని. ఆల్ఫాకాల్సిడాల్ ఆ దారిన పోదు, నేరుగా చివరి రూపంగా మారుతుంది. అందుకే మందు పనిచేస్తున్నా ఆ అంకె పెరగదు. మందు పనితనం తెలిసేది రక్తంలో కాల్షియం, ఫాస్ఫరస్, ఇంకా పారాథైరాయిడ్ హార్మోన్ పరీక్షల్లో. రిపోర్టులో దాన్ని పి.టి.హెచ్. అని రాస్తారు. కిడ్నీ డాక్టరుగారు ఆ మూడూ ఎందుకు రాయిస్తారో ఇప్పుడు మీకు తెలిసింది కదా.

అలాగని 14ని వదిలేయమని కాదు, నిల్వలు తక్కువున్నాయనే దానర్థం. రిపోర్టు డాక్టరుగారికి చూపించండి. అవసరమనుకుంటే మామూలు డి3ని కూడా కొంతకాలం కలిపి ఇస్తారు. అది ఆయన నిర్ణయం కావాలి, ఎంత, ఎన్నాళ్లు అన్నది ఆయనే చెప్పాలి. ఇంట్లో మిగిలిన క్యాప్సూల్‌తో చేసే పని కాదు.

జాగ్రత్తలు మాత్రం గట్టిగా చెప్పాలి. ఈ మందు పేగుల నుంచి కాల్షియాన్ని లాగుతుంది, ఫాస్ఫరస్‌నూ లాగుతుంది. కాల్షియం మోతాదు మించితే ఆకలి తగ్గుతుంది, వికారం, వాంతులు, మలబద్ధకం, విపరీతమైన దాహం, నీరసం వస్తాయి. మనిషి అయోమయంగా మాట్లాడవచ్చు. డయాలసిస్ అలసట అనుకుని ఊరుకోకండి. ఆ రోజే చెప్పి కాల్షియం పరీక్ష చేయించండి. ఎక్కువకాలం అలాగే ఉంటే ఆ కాల్షియం రక్తనాళాల గోడల్లో పేరుకుంటుంది. ఒక మేలు ఏమిటంటే, ఆపగానే దీని ప్రభావం కొద్ది రోజుల్లో తగ్గుతుంది. మామూలు డి3 అయితే కొవ్వులో నిల్వ ఉండి నెలల తరబడి వదలదు.

గ్యాస్‌కి వాడే మెగ్నీషియం ఉన్న తెల్ల సిరప్ నాన్నగారికి సొంతంగా పట్టకండి. డయాలసిస్ మీద ఉన్నవాళ్లలో, అందులోనూ ఈ మందు వాడేవాళ్లలో, మెగ్నీషియం పేరుకుపోతుంది. గుండెకు డిగాక్సిన్ వాడుతుంటే కాల్షియం పెరగడం మరీ ప్రమాదం. ఫిట్స్‌కి ఫెనిటాయిన్ లాంటివి వాడుతుంటే ఈ మందు మోతాదు మార్చాల్సి రావచ్చు. ఫాస్ఫరస్ తగ్గించే సెవెలామర్ లాంటి బిళ్ల రాసి ఉంటే అది భోజనంతో పాటే పడాలి, అన్నం తిన్న గంటకు వేస్తే లాభం ఉండదు.

స్ట్రిప్ మీద ఇంకో సంగతి చూడండి. ముందువైపు పెద్ద అక్షరాల్లో బ్రాండు పేరుంటుంది, అందులో 'డి3' కూడా ఉండొచ్చు. దాన్ని నమ్ముకోకండి. వెనక చిన్న అక్షరాల్లో జెనరిక్ పేరు ఆల్ఫాకాల్సిడాలే ఉందా, దానికి కాల్షియం కార్బొనేట్ కూడా కలిపారా అన్నది చూడండి. కలిపినవి మార్కెట్లో ఉన్నాయి. డాక్టరుగారు విడిగా కాల్షియం రాసి, షాపులో కలిపినది ఇస్తే కాల్షియం రెండుసార్లు పడుతుంది. 'సినాకాల్సెట్' అన్న పేరు కనిపిస్తే అది విటమిన్ డి కాదు. పారాథైరాయిడ్‌ను అణిచే వేరే మందు అది, రక్తంలో కాల్షియాన్ని తగ్గిస్తుంది.

ప్రశ్న: నాకు సోరియాసిస్. కాల్సిపోట్రయాల్ ఆయింట్‌మెంట్ ఇచ్చారు. ఇందులోనూ 'కాల్సి' ఉంది. ఇదీ విటమిన్ డియేనా? చర్మానికి కాల్షియంతో పనేమిటి?
– ఒక పాఠకుడు, కరీంనగర్

జవాబు: ఆ కుటుంబమే. అయితే ఇది మీకు కాల్షియం కోసం ఇచ్చింది కాదు. చర్మకణాలకూ విటమిన్ డిని గుర్తుపట్టే గ్రాహకాలు ఉంటాయి. సోరియాసిస్‌లో కణాలు అతివేగంగా పెరిగి పొలుసులు కడతాయి, ఈ ఆయింట్‌మెంట్ ఆ వేగాన్ని తగ్గిస్తుంది. రక్తంలో కాల్షియం మీద దీని ప్రభావం కాల్సిట్రయాల్ కంటే చాలా తక్కువగా ఉండేలా అణువును మార్చారు. అయినా పెద్దవాళ్లు వారానికి 100 గ్రాములు దాటకూడదు. ముఖానికి రాయకండి, రాసుకున్నాక చేతులు కడుక్కోండి. పొలుసులు ఊడడానికి వాడే సాలిసిలిక్ యాసిడ్ మందును దీనితో కలిపి ఒకేచోట రాయకండి, ఇది పనిచేయకుండా పోతుంది.

ప్రశ్న: మేం శాకాహారులం. డి3 గొర్రెల నుంచి తీస్తారని విన్నాను. నిజమేనా? డి2, డి3 ఉన్నాయి గానీ డి1 ఎందుకు లేదు?
– ఒక పాఠకురాలు, తెనాలి

జవాబు: నిజమే. మార్కెట్లో దొరికే డి3లో ఎక్కువ భాగం గొర్రె ఉన్నికి ఉండే జిడ్డు నుంచి తయారుచేస్తారు. ఉన్ని కత్తిరించి తీసే జిడ్డు కాబట్టి గొర్రెను చంపనక్కర్లేదు. కానీ మెత్తని క్యాప్సూల్ తొడుగు జెలటిన్ అయితే అది జంతువుల చర్మం, ఎముకల నుంచి వచ్చేదే. మీకు పట్టింపు ఉంటే పొడి రూపంలో వచ్చే సాచెట్ గానీ, ఈస్ట్ నుంచి తయారయ్యే డి2 గానీ, రాళ్ల మీద, చెట్ల బెరడు మీద పెరిగే లైకెన్ల నుంచి తీసిన డి3 గానీ అడగండి. మోతాదు డాక్టరుతో మాట్లాడి మార్చుకోవాలి. డి1 అని మొదట పేరు పెట్టింది ఒక్క పదార్థం కాదని, డి2లో వేరొకటి కలిసిన మిశ్రమమని తర్వాత తేలింది. అందుకే ఆ పేరు వదిలేశారు.