ఉమ్మడి కుటుంబమని దేన్నిబట్టి అంటారు?

మూడు తరాలు ఒకే కప్పు కింద ఉంటే ఉమ్మడి కుటుంబమేనా అని అడిగారు. అంతమాత్రాన కాదు, అసలు లెక్క పొయ్యిది. మన జనాభా లెక్కల్లోనూ మామూలుగా కలిసి ఉంటూ, ఒకే వంటింట్లో వండింది తినేవాళ్లనే ఒక కుటుంబంగా రాసుకుంటారు. అన్న కింద, తమ్ముడు పైన ఉంటూ ఎవరి వంట వాళ్లు చేసుకుంటే అవి రెండు కుటుంబాలు. ఊళ్లలో దాన్నే 'వేరు పడ్డారు' అంటారు.

కానీ వేరు పడటం పూర్తిగా ఎక్కడ జరుగుతుంది! మా ఇంట్లో రెండో గ్యాస్ స్టవ్ వచ్చి పదేళ్లు దాటింది. అయినా ఆవకాయ మాత్రం ఇప్పటికీ ఒకేచోట కలుపుతారు. మూడో రోజు తిరగగలిపాక, నానమ్మ ముక్క నోట్లో వేసుకుని "ఉప్పు సరిపోయిందే అమ్మాయ్" అనేదాకా జాడీకి వాసెన కట్టరు. పిల్లలకైతే ఏ వంటింట్లో దోసెలు పోస్తుంటే అదే మనిల్లు. కరెంటు బిల్లు, బాత్రూం దగ్గరే కాస్త టెన్షన్.

చట్టానికి మాత్రం పొయ్యితో పెద్దగా పని లేదు. వంటలు వేరైనంత మాత్రాన హిందూ ఉమ్మడి ఆస్తి పంపకం అయిపోయినట్టు కాదు. అందులో కూతుళ్లకూ కొడుకులతో సమాన వాటా ఉంది. ఆంధ్రప్రదేశ్‌లో 1985 సెప్టెంబర్ 5 నుంచే ఈ హక్కు వచ్చింది, అయితే అప్పటికి పెళ్లి కానివాళ్లకే. హిందూ వారసత్వ చట్టానికి 2005లో చేసిన సవరణతో దేశమంతటా, పెళ్లయిన కూతుళ్లకు కూడా వర్తించింది.