సోనిక్ నెమ్మదిగా నడవడం, జంప్ ఆలస్యం: ఇవి రెండు వేర్వేరు సమస్యలు

సెగా పాత గేమ్ కన్సోల్ మెగా డ్రైవ్‌లో చురుగ్గా పరిగెత్తిన సోనిక్, పాత కన్సోళ్ల గేమ్‌లను నడిపే ప్రోగ్రామ్ రెట్రోఆర్చ్‌లో నీరసంగా ఉన్నాడని, పాట కూడా సాగుతోందని, జంప్ ఆలస్యమవుతోందని అడిగారు కదా.

పాట సాగుతోందంటే గేమ్ పాల్ అనే యూరప్ టీవీ పద్ధతిలో, 50 హెర్ట్జ్‌లో (సెకనుకు 50 ఫ్రేములు) నడుస్తున్నట్టే. మొదటి సోనిక్ 60 హెర్ట్జ్ లెక్కన తయారైంది, అందుకే 50లో దాదాపు 17 శాతం వేగం పోతుంది. రెట్రోఆర్చ్‌లో మెగా డ్రైవ్ గేమ్‌లను నడిపే భాగమైన జెనెసిస్ ప్లస్ జీఎక్స్ కోర్ ఆప్షన్లలో సిస్టమ్ రీజియన్‌ని 60 హెర్ట్జ్ పద్ధతి ఎన్‌టీఎస్‌సీకి మార్చి, గేమ్ మళ్లీ లోడ్ చేయండి.

ఇక జంప్. ముందు టీవీలో గేమ్ మోడ్ పెట్టండి, చాలాసార్లు అసలు దోషి టీవీయే. అప్పటికీ తేడా తెలుస్తుంటే గేమ్‌లోని ఆలస్యాన్ని కొన్ని ఫ్రేములు ముందుగా లెక్కించి తగ్గించే రన్-అహెడ్ వాడాలి. ఎన్ని ఫ్రేములో ఇలా తెలుసుకోండి. సోనిక్ నిలబడి ఉండగా కీబోర్డులో పీ నొక్కి ఆపండి. జంప్ బటన్ నొక్కిపట్టి, ఒక్కో ఫ్రేమ్ ముందుకు జరిపే కే ఒక్కొక్కసారే నొక్కుతూ వెళ్లండి. మూడో నొక్కుకు కదిలితే గేమ్‌లోనే 2 ఫ్రేములు, అంటే సుమారు 33 మిల్లీసెకన్లు ఆలస్యం ఉన్నట్టు. లేటెన్సీ (ఆలస్యం) సెట్టింగుల్లో రన్-అహెడ్‌కు ఆ 2 పెట్టండి, అంతకు మించొద్దు. ఎక్కువ పెడితే కదలిక మొదట్లో ఫ్రేములు ఎగిరిపోయి బొమ్మ గెంతినట్టు కనిపిస్తుంది.