మాట్స్ ఎక్ గురించి రాస్తున్న తమ్ముడికి

తమ్ముడూ,

నీ వ్యాసం చదివాను. కష్టపడ్డావు, కాదనను. కానీ మొదటి వాక్యమే తీసెయ్యి. "పసితనం నుంచే నాట్యం ఆయన ఊపిరి" అన్నావు. నిజం కాదు కదా! కొరియోగ్రాఫర్ మాట్స్ ఎక్ 1945లో స్వీడన్‌లోని మాల్మోలో పుట్టాడు. అమ్మ బిర్గిట్ కుల్‌బర్గ్ పేరు మోసిన కొరియోగ్రాఫర్, నాన్న ఆండర్స్ ఎక్ నటుడు, అన్న నిక్లస్ డాన్సర్. అలాంటి ఇంట్లో పుట్టి కూడా ఆయన ముందు బొమ్మలాటలూ నాటకాలూ అంటూ తిరిగాడు. అమ్మ పెట్టిన కుల్‌బర్గ్ బ్యాలే బృందంలో డాన్సర్‌గా చేరింది 1970లు వచ్చాకే. సొంతంగా బ్యాలే కూర్చింది 1976లో, ముప్ఫై దాటాక. నాకైతే కథంతా ఈ ఆలస్యంలోనే ఉంది. నువ్వేమో దాన్ని ఒక కామాతో దాటేశావు.

"తల్లికి తగ్గ తనయుడు" కూడా వద్దు. ఆ మాట ఎవరికైనా అతుకుతుంది, అందుకే ఎవరి గురించీ ఏమీ చెప్పదు. ఎనభై దాటిన అమ్మ కోసం 1991లో ఆయన 'ముసలి, తలుపు' అని ఒక చిన్న డాన్స్ చేశాడు. అది చెప్పి ఊరుకో. పాఠకుడికి తెలుస్తుంది.

అసలు పని 'జిసెల్' దగ్గర ఉంది. నువ్వు "విప్లవాత్మకం" అని రాసి ముందుకెళ్ళిపోయావు. నాకు విప్లవం వద్దు, ఏం మార్చాడో చెప్పు. 1841 నాటి పాత బ్యాలేలో జిసెల్ అనే పల్లెటూరి పిల్ల ప్రేమలో మోసపోయి, పిచ్చెక్కి చనిపోతుంది. రెండో అంకంలో అడవిలో, తెల్లటి బట్టల్లో, తనలాగే పెళ్ళి కాకుండా పోయిన కన్యల ఆత్మల్లో ఒకతె అవుతుంది. 1982లో ఎక్ అడాల్ఫ్ ఆడమ్ సంగీతాన్ని అలాగే ఉంచాడు, పిల్లను మాత్రం చావనివ్వలేదు. పిచ్చాసుపత్రికి పంపాడు. పాత కథలోని ఆత్మల రాణి ఇక్కడ హెడ్ నర్సు. మునివేళ్ళ మీద నిలబెట్టే బూట్లు పోయి వట్టికాళ్ళు వచ్చాయి. మోసం చేసిన ఆల్బ్రెక్ట్ చివరికి ఒంటిమీద నూలుపోగు లేకుండా మిగులుతాడు, అతనికి దుప్పటి కప్పేది జిసెల్‌ను ప్రేమించి ఓడిన హిలారియన్. ఆ దుప్పటి నీ వ్యాసంలో ఎక్కడా లేదు! ఆనా లగూనా జిసెల్‌గా చేసిందనీ, ఆమె ఆయన భార్య అనీ మాత్రం రాశావు. పెళ్ళి సంగతికి ఒక్క వాక్యం చాలు.

ఎక్ డాన్సర్లు మోకాళ్ళు వంచి పాదాలు ఎడంగా పెట్టే భంగిమను "మన అరమండే" అన్నావు. కూచిపూడి చూసినవాళ్ళకు చప్పున అర్థమవుతుంది, ఉంచు. కానీ "అరమండే" కాదు, "అరమండి గుర్తొస్తుంది" అను. తర్వాత తేడా కూడా చెప్పు. బ్యాలే ఒంటికి బరువే లేనట్టు పైకి లాగుతుంది. ఎక్ డాన్సర్లు నేలకేసి దిగుతారు, వాళ్ళ బరువు మనకు తెలుస్తుంది. వాళ్ళ చేతుల్లో మామూలు ఇంటి సామాన్లుంటాయి. పారిస్ ఒపేరాకు 2000లో చేసిన 'అపార్ట్‌మెంట్'లో ఆడవాళ్ళు వాక్యూమ్ క్లీనర్లు పట్టుకుని ఆడతారు. ఇలాంటివి చెబితే "అద్భుతం", "అమోఘం" అవే రాలిపోతాయి. అవార్డుల పేరా అయితే మొత్తం కొట్టేశాను, ఏమీ అనుకోకు.

ఇక ముగింపు. 2016లో ఆయన రిటైర్ అవుతున్నానన్నాడని "ఒక శకం ముగిసింది" అని దండ వేసేశావు. మనిషి 2019లో అదే పారిస్ ఒపేరాకు తిరిగొచ్చాడయ్యా! 'బొలేరో' చేశాడు. అందులో అన్న నిక్లస్, పెద్దవయసులో, రవేల్ సంగీతం సాగినంతసేపూ బకెట్లతో నీళ్ళు తెచ్చి స్నానాల తొట్టెలో పోస్తూనే ఉంటాడు. చుట్టూ కుర్రవాళ్ళు ఆడుతుంటారు, ఆయన వాళ్ళ వైపు చూడడు.

ఆ పేరా తిరగరాసి, జిసెల్ భాగం పెంచి పంపు. మొత్తం పొడవు మాత్రం ఇప్పుడున్నంతే ఉండాలి, కాబట్టి బాల్యం నుంచి కోసుకో. వీడియో చూడకుండా ఏ సన్నివేశం గురించీ రాయకు.

ఆశీస్సులతో,
అక్క